శ్రీచక్రాన్ని స్కేలు, కంపాస్‌లతో తప్పు లేకుండా గీయడం: సమగ్ర మార్గదర్శి

శ్రీచక్రం గీయబోతే బయటి భాగమంతా సవ్యంగా వచ్చి, మధ్యలోని త్రికోణాలు మాత్రం కలవడం లేదని చాలామంది పాఠకులు అడుగుతున్నారు. మూడు గీతలు ఒకే చుక్కలో కలవవలసిన చోట రెండు కలిసి మూడోది పక్కనుంచి పోతే, అక్కడ లెక్కలో లేని ఒక పిల్ల త్రికోణం పుడుతుంది. దీనికి కారణం చేతి వణుకు కాదు. త్రికోణాలకు ఆధారమైన తొమ్మిది అడ్డగీతలనూ స్కేలుతో కొలిచి గీయడమే కారణం.

ఈ పద్ధతిలో కొలవవలసినవి అయిదు గీతలే. మిగిలిన నాలుగు గీతల స్థానాలను, రెండు గీతలు తప్ప మిగతా గీతల పొడవులను, అప్పటికే గీసిన గీతల కూడళ్లే చూపిస్తాయి. కూడలి నుంచి పుట్టిన గీత కూడలిని తప్పిపోదు.

ఇది చక్రాన్ని గీసే విధానం మాత్రమే. పూజకు పెట్టదలచినవారు మంత్ర, ప్రతిష్ఠా విధులను తమ గురువు వద్దనే తెలుసుకోవాలి.

1. ముందుగా స్థిరపరచుకోవలసిన పేర్లు

చక్రం నడుమ తొమ్మిది పెద్ద త్రికోణాలు ఒకదానిలో ఒకటి చొచ్చుకొని ఉంటాయి. కొన కిందికి ఉన్న అయిదు శక్తి త్రికోణాలు, కొన పైకి ఉన్న నాలుగు శివ త్రికోణాలు. సౌందర్యలహరి 11వ శ్లోకం చెప్పే లెక్క ఇదే.

ఒక్కో త్రికోణానికి ఒక అడ్డగీత ఆధారం. పై నుంచి కిందికి వాటికి 1 నుంచి 9 వరకు అంకెలు వేసుకుందాం. 1 నుంచి 5 వరకు శక్తి త్రికోణాల ఆధారాలు, 6 నుంచి 9 వరకు శివ త్రికోణాల ఆధారాలు. ఇకపై “3వ త్రికోణం” అంటే 3వ గీత ఆధారంగా గల త్రికోణమని అర్థం.

రెండు గీతలు కలిసే చోటును సంధి అని, మూడు గీతలు కలిసే చోటును మర్మ అని సంప్రదాయం పిలుస్తుంది. మన శ్రమ అంతా మర్మల దగ్గరే.

2. సామగ్రి

నిండు డ్రాయింగ్ షీటు (22 × 30 అంగుళాలు) తీసుకోవాలి. పూర్తి చక్రానికి ద్వారాలతో కలిపి సుమారు 46 సెం.మీ. చోటు కావాలి. ఇంట్లో ఎవరిదైనా బీటెక్ మొదటి ఏడాది నాటి మినీ డ్రాఫ్టర్ అటక మీద ఉంటే దించండి. అడ్డగీతలన్నీ సమాంతరంగా రావడానికి అంతకంటే మంచి సాధనం లేదు. లేనివారు రెండు సెట్‌స్క్వేర్లతో సరిపెట్టుకోవచ్చు.

మొదలుపెట్టే ముందు సరిచూసుకోవలసినవి:

- అర మిల్లీమీటరు గుర్తులున్న 30 సెం.మీ. స్టీలు స్కేలు. ప్లాస్టిక్ స్కేలు అంచు అరిగి ఉంటే పనికిరాదు.
- మర బిగుతుగా ఉన్న కంపాస్, రెండు ములుకుల డివైడర్.
- 0.3 లేదా 0.5 మి.మీ. మెకానికల్ పెన్సిల్, 2హెచ్ ములుకులు.
- మెత్తని రబ్బరు, మాస్కింగ్ టేపు, గుండుసూది, గట్టి అట్ట ముక్క.
- కాగితం నాలుగు మూలలా టేపుతో బల్లకు అంటించి ఉందా? పని ముగిసేదాకా దాన్ని ఊడదీయకూడదు.

మామూలు కంపాస్ 12 సెం.మీ. వ్యాసార్ధం దాటితే కాళ్లు చాపుకొని వణుకుతుంది. బయటి వృత్తాలకు అట్ట ముక్కను పట్టీగా కత్తిరించి, ఒక చివర గుండుసూది గుచ్చి, కావలసిన దూరంలో పెన్సిల్ మొన పట్టేంత రంధ్రం చేసుకుంటే చాలు.

తొలిసారి గీసేవారు త్రికోణాల భాగాన్ని మాత్రమే ఏ4 కాగితం మీద అభ్యాసం చేయడం మంచిది. కింద ఇచ్చిన ప్రతి కొలతనూ 0.75తో గుణిస్తే వృత్తం 18 సెం.మీ. వ్యాసంతో ఆ కాగితంలో ఇమిడిపోతుంది.

3. వృత్తం, నడిమి గీత, అయిదు కొలతలు

కాగితం మధ్యలో 120 మి.మీ. వ్యాసార్ధంతో వృత్తం గీయండి. కేంద్రం గుండా పై నుంచి కిందికి ఒక నిలువు గీత గీయండి. దీన్ని నడిమి గీత అందాం. అది వృత్తాన్ని తాకే పై చుక్క శిఖరం, కింది చుక్క అడుగు.

స్కేలు సున్నాను శిఖరం వద్ద ఉంచి, కదపకుండా, నడిమి గీత మీద ఈ అయిదు చుక్కలను ఒకేసారి గుర్తించాలి:

- 1వ గీత: 30.0 మి.మీ.
- 2వ గీత: 60.7 మి.మీ.
- 3వ గీత: 85.0 మి.మీ.
- 7వ గీత: 150.0 మి.మీ.
- 9వ గీత: 211.2 మి.మీ.

ఒక చుక్క నుంచి మరో చుక్కకు స్కేలు జరుపుతూ కొలిస్తే ప్రతిసారీ చేరే చిన్న తప్పు చివరికి ఒక మిల్లీమీటరు దాటుతుంది. 60.7 అంటే అరవై మీద అర గుర్తు దాటిన వెంటనే వచ్చే చోటు. దాన్ని పెన్సిల్‌తో కాక సూది మొనతో గుచ్చండి.

ఇప్పుడు ఈ అయిదు చుక్కల గుండా నడిమి గీతకు లంబంగా అడ్డగీతలు పలచగా గీయండి. 3, 7 గీతలు రెండు వైపులా వృత్తాన్ని తాకాలి. మిగిలిన మూడింటిని కాస్త పొడవుగానే వదలండి, వాటి కొసలు తరువాత తేలుతాయి.

సంప్రదాయంలో వ్యాసాన్ని 48 భాగాలు చేసి, పై నుంచి 6, 6, 5, 3, 3, 4, 3, 6, 6, 6 భాగాల ఎడంతో తొమ్మిది గీతలు గీసి, కొన్నింటి కొసలు చెరిపే పద్ధతి ఉంది. మన వృత్తంలో ఒక భాగం 5 మి.మీ. కనుక 1, 3, 7 గీతలు ఆ లెక్కకే సరిపోతాయి. మిగిలినవి కొద్దిగా జరిగాయి. ఆ పూర్ణాంకాలతోనే తొమ్మిదింటినీ గీస్తే కొన్ని మర్మలు గణితపరంగానే కలవవు కాబట్టి ఈ సవరణ తప్పనిసరి. నేల మీద ముగ్గుతో వేసేవారికి పూర్ణాంకాలే మేలు, పిండి గీత వెడల్పులో ఆ తేడా కనబడదు.

4. రెండు పెద్ద త్రికోణాలు

3వ గీత రెండు కొసలను అడుగుతో కలపండి. 7వ గీత రెండు కొసలను శిఖరంతో కలపండి. వృత్తాన్ని మూడు కొనలతోనూ తాకేవి ఈ రెండే.

ఇక్కడి నుంచి కొన్ని కూడళ్లకు అక్షరాలు పెట్టుకుందాం. పరుషాలు గుర్తున్నవారికి క, చ, ట, త, ప అనే అయిదూ గుర్తుండిపోతాయి. ప్రతి కూడలీ కుడివైపు ఒకటి, ఎడమవైపు ఒకటి ఉంటుంది.

- క: 3వ గీత, 7వ త్రికోణపు భుజం కలిసే చోటు.
- చ: 7వ గీత, 3వ త్రికోణపు భుజం కలిసే చోటు.
- ట: 2వ గీత, 7వ త్రికోణపు భుజం కలిసే చోటు.

డివైడర్‌తో నడిమి గీత నుంచి దూరం చూడండి. క 65.8, చ 66.6, ట 47.0 మి.మీ. రావాలి. అంకె కంటే ముఖ్యం, కుడి ఎడమల దూరాలు సమానంగా ఉండడం. డివైడర్‌ను కుడివైపు సరిచేసి అలాగే ఎడమకు తిప్పితే స్కేలు అవసరం లేకుండానే తేడా తెలుస్తుంది.

5. 2వ త్రికోణం, 8వ త్రికోణపు భుజాలు

9వ గీత మధ్య చుక్క నుంచి ‘క’ గుండా పైకి గీత లాగి, 2వ గీతను తాకే వరకు తీసుకుపోండి. రెండు వైపులా ఇలా చేస్తే 2వ గీత కొసలు తేలుతాయి, 2వ త్రికోణం పూర్తవుతుంది.

తరువాత 1వ గీత మధ్య చుక్క నుంచి ‘చ’ గుండా కిందికి గీతలు లాగండి. ఇవి 8వ త్రికోణపు భుజాలు. దాని ఆధారం ఎక్కడో ఇంకా తెలియదు కనుక, ‘చ’ దాటి మరో నాలుగు సెంటీమీటర్లు పలచగా వదిలేయండి.

ఇప్పుడు మిగిలిన రెండు అక్షరాలు దొరుకుతాయి:

- త: 3వ గీత, 8వ త్రికోణపు భుజం కలిసే చోటు (నడిమి గీత నుంచి 30.5 మి.మీ.).
- ప: 7వ గీత, 2వ త్రికోణపు భుజం కలిసే చోటు (31.9 మి.మీ.).

6. 1వ త్రికోణం: అసలు పరీక్ష ఇక్కడే

‘ట’, ‘త’ చుక్కలను కలిపే గీతను పైకి 1వ గీత వరకు, కిందికి నడిమి గీత వరకు పొడిగించండి. రెండో వైపూ అలాగే చేయండి. రెండూ నడిమి గీత మీద ఒకే చుక్కలో కలవాలి. ఆ చుక్కే 6వ గీత స్థానం. శిఖరం నుంచి 130 మి.మీ. రావాలి.

చక్రం మొత్తం మీద తప్పు సులభంగా పెరిగే చోటు ఇదే. ట, త ల మధ్య దూరం సుమారు 29 మి.మీ. మాత్రమే. ఆ చిన్న గీతను పైకి 37, కిందికి 54 మి.మీ. పొడిగిస్తున్నాం. చుక్క దగ్గర వెంట్రుకవాసి తేడా కొసకు చేరేసరికి కంటికి కనిపించేంత అవుతుంది. అందుకే ట, త ల వద్ద సూదితో గుచ్చి, స్కేలు అంచును రెండు గుంటలకు ఆనించి, పెన్సిల్‌ను ఒకే వాలులో ఉంచి మొదటి నుంచి చివరి వరకు ఒకే ఊపులో గీయాలి.

2వ గీత అర మిల్లీమీటరు జరిగితే 6వ గీత రెండు మిల్లీమీటర్లు ఎదురు దిక్కుకు జరుగుతుంది. ఈ నాలుగింతల లెక్కే దిద్దుబాటుకు కూడా పనికివస్తుంది:

- చుక్క 132 వద్ద వస్తే 2వ గీత అర మి.మీ. పైకి ఉందన్నమాట. దాన్ని అంత కిందికి దించి 2వ త్రికోణాన్ని, 1వ త్రికోణాన్ని మళ్లీ గీయండి.
- 128 వద్ద వస్తే 2వ గీతను అర మి.మీ. పైకి జరపండి.
- రెండు భుజాలు నడిమి గీతకు పక్కన కలిస్తే ఎత్తు తప్పు కాదు. ట లేదా త కుడి ఎడమల దూరాలు సమానంగా లేవు. అడ్డగీత ఒరిగిందేమో చూడండి.

130కి అర మిల్లీమీటరు లోపు వచ్చేవరకు ముందుకు పోవద్దు. ఇక్కడ సర్దుకుపోయినవారికి లోపలి ఎనిమిది త్రికోణాల వద్ద ఎంత చెరిపినా కుదరదు.

7. 9వ త్రికోణం, దాని ద్వారా 8వ గీత

3వ గీత మధ్య చుక్క నుంచి ‘ప’ గుండా కిందికి గీత లాగి 9వ గీతను తాకించండి. రెండు వైపులా గీస్తే 9వ త్రికోణం పూర్తవుతుంది.

దాని భుజాలు 3వ త్రికోణపు భుజాలను ఖండించే రెండు చుక్కలను చూడండి. ఆ రెండింటి గుండా పోయే అడ్డగీతే 8వ గీత. అది శిఖరం నుంచి 178.2 మి.మీ. వద్ద ఉండాలి. ముందు వదిలిపెట్టిన 8వ త్రికోణపు భుజాలు దాన్ని తాకే చోట ఆగిపోతాయి.

8. లోపలి మూడు త్రికోణాలు

6వ త్రికోణం: 130 మి.మీ. చుక్క గుండా అడ్డగీత గీసి, 2వ త్రికోణపు భుజాలను తాకే చోట ఆపండి. ఆ కొసలను 2వ గీత మధ్య చుక్కతో కలపండి.

4వ త్రికోణం: ఇప్పుడు గీసిన 6వ త్రికోణపు భుజం 1వ త్రికోణపు భుజాన్ని ఖండించే చోటు 4వ గీత ఎత్తు. అక్కడ అడ్డగీత గీసి 8వ త్రికోణపు భుజాల వరకు సాగించండి. కొసలను 8వ గీత మధ్య చుక్కతో కలపండి. ఈ భుజాలు 6వ గీత, 9వ త్రికోణపు భుజం కలిసే చుక్క గుండా పోవాలి. పోతే పని దాదాపు గెలిచినట్టే.

5వ త్రికోణం: 1వ, 9వ త్రికోణాల భుజాలు కలిసే చోట అడ్డగీత గీసి, 4వ, 6వ త్రికోణాల భుజాలు ఒకదాన్నొకటి ఖండించే చుక్క వరకు సాగించండి. కొసలను 7వ గీత మధ్య చుక్కతో కలపండి.

9. సరిచూసుకునే పట్టిక

మొదటి అంకె శిఖరం నుంచి దూరం, రెండోది గీతలో సగం పొడవు, రెండూ మి.మీ.లలో. ఈ పట్టికను చూసి గీయకండి, గీశాక పోల్చి చూసుకోండి.

- 1వ గీత: 30.0, 67.9
- 2వ గీత: 60.7, 78.5
- 3వ గీత: 85.0, 114.8
- 4వ గీత: 97.2, 37.3
- 5వ గీత: 111.1, 30.8
- 6వ గీత: 130.0, 42.4
- 7వ గీత: 150.0, 116.2
- 8వ గీత: 178.2, 82.3
- 9వ గీత: 211.2, 62.0

అర మిల్లీమీటరు తేడాను పట్టించుకోనవసరం లేదు. కూడళ్లు కలిసి, పట్టికతో ఒక మిల్లీమీటరు తేడా వచ్చినా చక్రం మంచిదే. పట్టికతో సరిపోయి కూడలి కలవకపోతే మాత్రం మంచిది కాదు.

10. కూడలి తప్పినప్పుడు

4వ త్రికోణపు భుజం 6వ గీత మీది చుక్కకు బయటగా పోతే: ముందుగా 6వ గీత 130 వద్దే ఉందని నిర్ధారించుకోండి. ఉంటే దోషం 9వ గీతది. బయటికి పోయిన ఒక మి.మీ.కు 9వ గీతను సుమారు 3 మి.మీ. కిందికి దించాలి. లోపలగా పోతే అంతే పైకి. దీనితో 2, 6, 8, 9 త్రికోణాలు కూడా మారతాయి కనుక, ఇంత తేడా వచ్చిందంటే మొదట గుర్తించిన 211.2ను మళ్లీ కొలవడం తెలివైన పని.

5వ గీత కొస వద్ద పిల్ల త్రికోణం వస్తే: 2వ గీతే కారణం కావచ్చు. 6వ అంశంలోని పరీక్షకు తిరిగి వెళ్లండి.

ఒక్క వైపే తప్పితే: కొలతల జోలికి పోవద్దు. ఆ వైపు గీతల్లో ఒకటి చుక్క గుండా కాక పక్కనుంచి పోయింది. అదొక్కటే చెరిపి గీయండి.

గీతను లావు చేసి తప్పును కప్పిపుచ్చడం చాలా చోట్ల కనిపిస్తుంది. ఆ గీతల కిందే పిల్ల త్రికోణం ఉంటుంది, రంగులు వేసేటప్పుడు బయటపడుతుంది.

11. లెక్క, బిందువు

బయటి నుంచి లోపలికి, కొన బయటికి చూపే చిన్న త్రికోణాలను వేలు పెట్టి లెక్కించండి:

- చతుర్దశారం (సర్వసౌభాగ్యదాయక చక్రం): 14
- బహిర్దశారం (సర్వార్థసాధక చక్రం): 10
- అంతర్దశారం (సర్వరక్షాకర చక్రం): 10
- అష్టకోణం (సర్వరోగహర చక్రం): 8
- నడిమి త్రికోణం (సర్వసిద్ధిప్రద చక్రం): 1

మొత్తం 43. ఒక్కో వరుసకు ఒక్కో రంగు పెన్సిల్‌తో చుక్క పెట్టుకుంటే గందరగోళం ఉండదు.

నడిమి త్రికోణంలో మూడు భుజాలకూ సమాన దూరంలో, శిఖరం నుంచి సుమారు 118 మి.మీ. వద్ద బిందువు (సర్వానందమయ చక్రం) పెట్టాలి. వృత్త కేంద్రంలో కంపాస్ ములుకు చేసిన గుంట దీనికి 2 మి.మీ. కింద ఉంటుంది. ఆ గుంటనే బిందువుగా మార్చాలన్న కోరిక పుడుతుంది కానీ, చూపుకు బిందువు త్రికోణంలో కిందికి జారినట్టు కనిపిస్తుంది. గుంటను గోటితో నొక్కి పూడ్చేయండి.

12. దళాలు, వృత్తాలు, భూపురం

ఇక మిగిలింది తేలిక. 150, 180, 184, 188 మి.మీ. వ్యాసార్ధాలతో వృత్తాలు గీయండి. చివరి మూడూ వృత్తత్రయం. ఆవరణల (బిందువు నుంచి భూపురం వరకు పేర్లు చెప్పుకునే తొమ్మిది చక్రాల) లెక్కలో ఇవి విడిగా రావు.

అష్టదళం (సర్వసంక్షోభణ చక్రం) 120, 150 వృత్తాల మధ్య వస్తుంది. దళాల కొనలు నడిమి గీత మీద పైన, కింద ఉండేలా చూసుకుంటూ వృత్తాన్ని ఎనిమిది భాగాలు చేయండి. 120 వృత్తం మీద పక్కపక్క చుక్కల నేరు దూరం 91.8 మి.మీ. షోడశదళం (సర్వాశాపరిపూరక చక్రం) 150, 180 వృత్తాల మధ్య వస్తుంది. 150 వృత్తం మీద ఆ దూరం 58.5 మి.మీ. డివైడర్‌తో చుట్టూ తిరిగి మొదటి చుక్కకే చేరారో లేదో చూడండి.

ఒక్కో రకానికి ఒక దళాన్ని అట్టలో కత్తిరించి, దాని చుట్టూ పెన్సిల్ తిప్పండి. ప్రతి దళాన్నీ చేత్తో గీస్తే ఏ రెండూ ఒకేలా రావు.

భూపురానికి (త్రైలోక్యమోహన చక్రం) కేంద్రం నుంచి 196, 200, 204 మి.మీ. దూరాల్లో మూడు చతురస్రాలు గీసి, నాలుగు వైపులా మధ్యలో 60 మి.మీ. మేర గీతలు ఆపి, అక్కడ బయటికి పొడుచుకువచ్చే ద్వారాలు కట్టాలి. ద్వారాల ఆకారం సంప్రదాయాన్ని బట్టి మారుతుంది. మీ ఇంట్లో పూజలో ఉన్న చక్రాన్ని చూసి అదే అనుసరించండి.

13. సిరా వేయడం

పెన్సిల్ గీతలు సరిచూశాకే సిరా ఎత్తాలి. ఈ క్రమం పాటిస్తే చేయి తగిలి సిరా అలుక్కుపోదు:

- ముందు నడిమి భాగపు అడ్డగీతలు, పై నుంచి కిందికి.
- అవి ఆరాక ఎడమవైపు భుజాలు, ఆ తరువాత కుడివైపు భుజాలు. ఎడమచేతివాటం వారు దీన్ని తిప్పుకోవాలి.
- ప్రతి గీతా కొస వద్ద కచ్చితంగా ఆగాలి. చుక్క దాటిన సిరా కొత్త సంధిలా కనిపిస్తుంది.
- దళాలు, వృత్తాలు, చివరగా భూపురం.
- మరునాడు మాత్రమే రబ్బరుతో పెన్సిల్ గీతలను, నడిమి గీతను చెరపాలి.

పూజలో సాధారణంగా నడిమి త్రికోణపు కొన ఉపాసకుని వైపు ఉంటుంది. చట్రం కట్టించేవారు వెనుకవైపు పెన్సిల్‌తో “పై” అని రాసి ఇవ్వండి. తలకిందులుగా చూసినా పూర్తి చక్రం ఇంచుమించు అలాగే కనిపిస్తుంది కాబట్టి చట్రం కట్టేవారు పొరబడడం సహజం.

14. కొన్న రేకును పరీక్షించడం

రాగిరేకులు, అచ్చుపటాలు కొనేవారికి కూడా ఇదే కన్ను పనికివస్తుంది. నడిమి త్రికోణపు పై కొసలు రెండింటి వద్ద మూడు గీతలు ఒకే చుక్కలో కలుస్తున్నాయా అని ముందు చూడండి. తరువాత 5వ గీత కొసలు. ఈ నాలుగు చోట్లా సరిగా ఉన్న రేకులో మిగతావి తప్పడం అరుదు. మేరువుగా పోతపోసిన వాటిలో త్రికోణాలు వేర్వేరు ఎత్తుల్లో ఉంటాయి కాబట్టి ఏటవాలుగా కాక సరిగ్గా పై నుంచి చూసి పరీక్షించాలి.